ఫ్రైబర్గ్ దర్శకుడు

రవీంద్రనాథ్ పేరు వింటేనే సుభద్రకు ఒళ్లు మండిపోయేది.

పన్నెండేళ్లుగా ఆమె జర్మనీలో, కొలోన్‌లోని ఒక ఒపేరా థియేటర్‌లో సహాయ దర్శకురాలు. ఆ దేశంలోనే క్లౌస్తాల్‌లో ఇంజినీరింగు చదవడానికి వచ్చి, ఒక్కసారి ఒపేరా చూసి, చదువు మధ్యలో వదిలేసి ఇటు వచ్చేసింది. ఏ గాయకుడు ఎక్కడ నిలబడాలో, ఏ దీపం ఎప్పుడు వెలగాలో నిద్రలో లేపి అడిగినా చెప్పగలదు. పోస్టర్ మీద మాత్రం ఆమె పేరు ఎప్పుడూ పడలేదు.

కరోనా వచ్చి థియేటర్ మూతపడ్డ నెలలో, ఫ్రైబర్గ్ నుంచి అంటూ రవీంద్రనాథ్ అనే దర్శకుడి మెయిల్ వచ్చింది. జనం రాలేకపోతే ఒపేరానే వాళ్ల దగ్గరికి పంపుదాం, ఒక్కో గాయని ఒక్కో శ్రోతకు ఫోన్ చేసి పాడుతుంది, అని. థియేటర్ అధిపతి క్రూగర్ ఎగిరి గంతేశాడు. ఊపిరితిత్తుల జబ్బు వల్ల ఇల్లు కదలలేనని, తన పారితోషికం పని లేని గాయకులకు పంచేయమని కూడా ఆ మెయిల్‌లో ఉంది. ఆ మెయిళ్లలో చెప్పింది చెప్పినట్టు చేయించే పని సుభద్ర మీద పడింది.

ఫోన్లు మోగాయి. ఒంటరి ముసలివాళ్లు వింటూ ఏడ్చారు. పేపర్లన్నీ రవీంద్రనాథ్‌ను ఆకాశానికెత్తేశాయి.

మరుసటి వేసవిలో రవీంద్రనాథ్ మాట మీదే ఐదంతస్తుల కార్ పార్కింగ్‌లో ఒపేరా. అంతస్తుకో గాయకుడు. అద్దాలు దించుకుని కార్లలో జనం. చివర్లో చప్పట్లకు బదులు హారన్లు మోతెక్కిపోయాయి. స్తంభం పక్కన నిలబడి సుభద్ర పళ్లు బిగించి వింది. ఆ హారన్లలో ఒక్కటీ తన కోసం కాదు.

“ఆ పార్కింగ్ ఐడియా నీదే కదే! మూడేళ్ల కిందట నాకు చెప్పావు” అంది లిండా. సుభద్రతో ఇల్లు పంచుకునే భీమవరం నర్సు ఆమె.

“క్రూగర్‌కీ చెప్పాను. పకపకా నవ్వాడు.”

“మరి ఇప్పుడు ఈయన చెప్తే గొప్పైపోయిందా? నీ బుర్రలోది కొట్టేశాడే! వెళ్లి నిలదీయవే.”

“ఏమని నిలదీయను?” అంది సుభద్ర.

మర్నాడు మీటింగులో ఉండబట్టలేక, “రవీంద్రనాథ్ కొత్త ఆలోచన పిచ్చిగా ఉంది” అనేసింది.

క్రూగర్ జాలిగా చూశాడు. “ఆ పిచ్చే ఆయన గొప్పతనం సుభద్రా. అది నేర్చుకుంటే వచ్చేది కాదు. అసూయ పడకండి.”

ఎవరో కిసుక్కున నవ్వారు. బయటికొచ్చి, గోడ మీది పోస్టర్‌లో రవీంద్రనాథ్ పేరును గోటితో గీకేసింది సుభద్ర. వేలు మంట పుట్టేదాకా గీకింది.

అక్టోబరులో ఆ ఏటి ఉత్తమ దర్శకుడి బహుమతి రవీంద్రనాథ్‌కు ప్రకటించారు. క్రూగర్ ఆమెను గదిలోకి పిలిచాడు. బల్ల మీద మూడేళ్ల కాంట్రాక్టు ఉంది.

“ఇక మెయిళ్లతో కుదరదు. ఆయన సంతకం పెట్టాలి. రేపే ఫ్రైబర్గ్ రైలెక్కండి. ఎలాగైనా ఒప్పించండి.”

“తీరా చూస్తే ఆయన మీరనుకున్నట్టు లేకపోతే?”

“ఎలా ఉన్నా సరే. నాకు కావలసింది ఆ బుర్ర.”

“మాటేనా?”

“మాటే.”

సుభద్ర కుర్చీ లాక్కుని కూర్చుంది. పెన్ను అందుకుని, ఏడాదిన్నరగా రవీంద్రనాథ్ పేరుతో తాను రాస్తూ వచ్చిన మెయిళ్లన్నిటికీ కలిపి, కాంట్రాక్టు కింద ‘సుభద్ర’ అని సంతకం పెట్టింది.