నొప్పి లేని సూది

"ఈ రోజు సూది ఇచ్చారా, లేదా?"

డాక్టరమ్మ రెండోసారి అడిగింది. మొండయ్య చేతులు కట్టుకుని నిలబడ్డాడు. లోపల గదిలో అతని కూతురు స్రవంతి నొప్పులతో మూలుగుతోంది.

"ఇచ్చిన. పొద్దుగాల ఆరింటికి. నొప్పులు ఎనిమిదింటికి మొదలైనయ్."

"బాగా గుర్తు చేసుకోండి పెద్దాయనా. ఇవ్వకపోతే ఇప్పుడే ఆపరేషన్ చేసి బిడ్డను తీసేస్తాను. ఇచ్చి ఉంటే మాత్రం కత్తి పెట్టలేను. అది రక్తాన్ని పలచన చేసే మందు. కోస్తే ఆగదు."

"ఇచ్చిన," అన్నాడు మొండయ్య.

డాక్టరమ్మ నిట్టూర్చింది. "అయితే సాయంత్రం దాకా ఆగాలి. మందు బలం తగ్గాలి. ఈలోగా రక్తం ప్యాకెట్లు తెప్పించండి. బిడ్డ గుండె ఉండుండి నెమ్మదిస్తోంది. అప్పటిదాకా తట్టుకుంటే మన అదృష్టం."

అల్లుడు రాకేష్ రక్తం కోసం పరుగెత్తాడు. వియ్యపురాలు రాజేశ్వరి వరండాలో బెంచీ మీద కూలబడింది.

"రెండు గంటలు ఆగితే ఏం పోయేదన్నా? పిల్ల మొఖం చూస్తె తెల్వదా? నా కోడలిది బర్రె తోలనుకున్నవా, యాళ్లకు పొడుసుడే పని?"

"ఒక్క పూట గూడ తప్పొద్దన్నరు చెల్లె."

"సుబేదారిల మా ఇంట్లనే ఉంచుమంటె ఇనకపోతివి. తొలి కాన్పు పుట్టింట్లనే గావాలంటివి. ఇగ చూడు!"

మొండయ్య ఎవరి మాటా పడే మనిషి కాదు. ఆ రోజు పడ్డాడు.

పెళ్లయిన ఏడాదికే స్రవంతి కాలిలో రక్తం గడ్డకట్టింది. కడుపుతో ఉందని తెలియగానే డాక్టరమ్మ అందరినీ కూర్చోబెట్టి చెప్పింది. గర్భిణులకు రక్తం ఇంకా తొందరగా గడ్డకడుతుంది. ఆ గడ్డ ఊపిరితిత్తుల్లోకి పోతే ప్రాణం దక్కదు. పాత మాత్రలు బిడ్డకు చేటు, అవి వద్దు. రోజూ పొట్ట మీద ఈ సూది వేసుకోవాలి. దీనివల్ల బిడ్డకు భయం లేదు.

"రక్తం పలచనైతే కాన్పుల ఆగుతదా అమ్మా?" అని మొండయ్య ఒక్కడే అడిగాడు.

"నొప్పులు మొదలైతే ఇక ఇవ్వం. ఏం కాదు."

ఆ మాట అతను ముందు కూడా విన్నాడు. స్రవంతి పుట్టిన రోజు ఇంకో డాక్టరు అన్నాడు, ఏం కాదని. బిడ్డ బయటపడ్డాక అతని భార్య వినోదకు రక్తం ఆగలేదు. రఘునాథపల్లి నుంచి పెద్దాసుపత్రికి జీపులో తీసుకొస్తుంటే సీటు తడిసింది, కింద రేకు తడిసింది, మొండయ్య చెప్పులు తడిశాయి. కాజీపేట దాటకముందే ఆమె చెయ్యి చల్లబడింది. ఆ డాక్టరు చనిపోయాడని తెలిసిన రోజున మొండయ్య కడుపునిండా తిన్నాడు.

మళ్లీ పెళ్లి చేసుకోలేదు. పిల్లకు జడ వేయడం నేర్చుకున్నాడు. రొట్టె చేయడం నేర్చుకున్నాడు. ఏడో నెలలో కూతుర్ని ఇంటికి తెచ్చుకున్నాక సూది వేయడం కూడా నేర్చుకున్నాడు. ఇంట్లో బర్రెలకు సూదులు వేసిన చెయ్యే. తెల్లారే స్నానం చేసి, వంటింట్లో సూది సిద్ధం చేసుకుని వచ్చేవాడు. స్రవంతి కళ్లు గట్టిగా మూసుకునేది.

"అయిపోయిందా నాయినా? జర మంట గూడ లేదు! సుబేదారిల నర్సమ్మ ఏస్తె గంటసేపు మండేది. ఆమెకు నీ తాన ట్రైనింగ్ ఇప్పియ్యాలె."

అత్తగారింట్లో పొట్ట నిండా ఉన్న నల్లటి మచ్చలు కూడా ఇక్కడికొచ్చాక మాసిపోయాయి.

మధ్యాహ్నం నర్సు బయటకు పరుగెత్తుకొచ్చి, డాక్టరమ్మను వెంటబెట్టుకుని లోపలికి పోయింది. బిడ్డ గుండె పడిపోతోంది. ఇక ఆగలేక స్రవంతిని థియేటర్‌లోకి తీసుకుపోయారు.

మగపిల్లవాడు. ఏడవలేదు.

రాజేశ్వరి ఏడుపు మెట్ల దాకా వినిపించింది. రాకేష్ గోడకు మొహం పెట్టుకున్నాడు. డాక్టరమ్మ మొండయ్య దగ్గరికి వచ్చి నిలబడింది.

"పొద్దున్నే తీసి ఉంటే బతికేవాడు. కానీ మీ తప్పేం లేదు పెద్దాయనా. నేను చెప్పినట్టే చేశారు."

అతను నేల చూస్తున్నాడు.

"ఒక్కటే నయం. తల్లికి రక్తం పెద్దగా పోలేదు. తెచ్చిన ప్యాకెట్లు విప్పనే లేదు."

మొండయ్య తలెత్తాడు. "పోలేదా?"

"పోలేదు. నాకే ఆశ్చర్యంగా ఉంది."

అతను బెంచీ మీద కూర్చుని, రెండు చేతులతో మొహం కప్పుకుని, గట్టిగా ఊపిరి వదిలాడు.

స్రవంతిని ఆసుపత్రి నుంచి పంపించే రోజున డాక్టరమ్మ మళ్లీ చెప్పింది. "అసలు జాగ్రత్త ఇప్పుడే. కాన్పు తర్వాతే గడ్డకట్టే భయం ఎక్కువ. ఇంకో నెలన్నర సూది ఆపొద్దు." రాకేష్ సుబేదారికి తీసుకుపోతానన్నాడు. స్రవంతే రానంది.

"దవాఖాన సూదులతోని మళ్ల మచ్చలైనయ్. మంటకు నిద్ర లేదు. నాయిన చేతిల నయముంటది. నన్ను ఆడికే పోనియ్యి."

ఊరికి వచ్చిన కొన్నాళ్లకు, ఒక పొద్దున ఆమె మంచం మీద కాలు నిమురుకుంటోంది.

"పిక్క గుంజుతాంది నాయినా. వాచినట్టు లేదు?"

"పండుకుని పండుకుని గట్లనే ఉంటది బిడ్డా. ఫికర్ జెయ్యకు. కండ్లు మూసుకో, సూది తెస్త."

మొండయ్య వంటింట్లోకి పోయి తలుపు చేరవేసి, ఏడో నెల నుంచీ తను వేసిన ప్రతి సూదికీ చేసినట్టే, అందులోని మందంతా తూములోకి చిమ్మేసి, కాచి చల్లార్చిన నీళ్లు నింపాడు.