నెమలి నొక్కిన బటను

చెరువు గట్టు మీద అడవి జంతువులన్నిటికీ కలిపి ఒకటే కంప్యూటరు ఉండేది. ఎవరి ప్రోగ్రాము వారిదే. కానీ అన్నిటి తెరల మీదా కనబడే బటన్లు మాత్రం గిజిగాడు అల్లిపెట్టిన ఒక్క ఫైలులోంచే వచ్చేవి.

చెరువులో నీళ్లు పెరిగితే కంప్యూటరులో బటను నొక్కి తూము తలుపు ఎత్తడం తీతువు పిట్ట పని. దాని నాలుగు గుడ్లూ నీటి అంచున ఇసుకలోనే ఉన్నాయి.

ఒకనాడు నెమలికి తన నాట్యం ప్రోగ్రాము మొహం మొత్తింది. తీసిపారేయబోతే కంప్యూటరు అడిగింది: "బటన్ల ఫైలును ఇంకొకరూ వాడుతున్నారేమో. దాన్నీ తీసేయనా?"

నెమలి చదవనైనా చదవకుండా "అవును" నొక్కి వెళ్లిపోయింది.

మధ్యాహ్నానికి కుండపోత వాన. తీతువు పరుగున వచ్చి చూస్తే తెర మీద తూము బొమ్మ ఉంది గానీ, తలుపు ఎత్తే బటను లేదు. గిజిగాడు వచ్చి ఫైలు మళ్లీ పెట్టేలోగా నీళ్లు ఇసుకను కమ్మేశాయి. మూడు గుడ్లు కొట్టుకుపోయాయి.

ఫైలు తీసిందెవరో కంప్యూటరులో చూసి తీతువు నెమలి మీద విరుచుకుపడింది. "ఎవర్నడిగి తీశావు?"

"కంప్యూటరు నన్నడిగింది, అవునన్నాను. నా తప్పేముంది?"

"సిగ్గులేదూ! నీకు అక్కర్లేదా అని కాదు అది అడిగింది. మమ్మల్ని అడిగి చెప్పమని!"

నెమలి నసిగింది. "పోనీలే అక్కా, ఒకటి మిగిలిందిగా."

తీతువు దాని కళ్లలోకి సూటిగా చూసింది. "ఆ ఒక్కటీ పిల్లయి, నా తోడబుట్టినవాళ్లు ఏరమ్మా అని అడిగిన రోజున నీ దగ్గరికే పంపుతాను. నువ్వే చెప్పు."