వెనక నడిచే గైడు

"గైడేనా?" కారు అద్దం సగం దించి అడిగాడు మహిధర్.

టీకొట్టు పక్కన బండ మీద కూర్చున్న ముసలాయన లేచి నిలబడ్డాడు. భుజాన గొంగడి, చేతిలో కర్ర.

"గీడ్నే సారూ," అన్నాడు.

వెనక సీట్లో ఏడేళ్ల రుచిత కిసుక్కున నవ్వింది. "డాడీ, గైడ్ అనడం కూడా రాదు!"

మహిధర్‌కు నవ్వు రాలేదు. వికారాబాద్ కొండల్లో లోయ, గుహలు, మధ్యాహ్నం తాండూరు నాపరాయి గనులు, వెంట అనుభవమున్న గైడు. ఫోనులో చదివి మురిసిపోయి బుక్ చేసుకున్నాడు. మ్యాప్ 'చేరుకున్నారు' అన్న చోట తీరా చూస్తే ఈయన. పేరు గొప్ప, ఊరు దిబ్బ.

"పద మరి. గుహలు చూడాలి."

"గుహలల్లకా?" ముసలాయన మొహంలో నవ్వు పోయింది. "ఎంతమంది?"

"రెండు కార్లల్లో ఏడుగురం."

దిగినవాళ్లను ఒక్కొక్కరినీ ఆయన పెళ్లిచూపులకు వచ్చినవాడిలా తేరిపార చూశాడు. తర్వాత నడక మొదలైంది.

కాస్త దూరం పోయాక మహిధర్ చుట్టూ చూస్తే గైడు ముందు లేడు. అందరికన్నా వెనక, తీరిగ్గా వస్తున్నాడు.

"ఏం పెద్దాయనా, నువ్వు ముందు నడవాలి గదా? తోవ ఎవరు చూపెడతరు?"

"తోవ కానొస్తనే ఉంది సారూ. ఎనక ఎవలు మిగిలిన్రో ముందటోనికి ఎట్ల తెలుస్తది?"

మహిధర్‌కు ఒళ్లు మండింది.

"పోనీండి, పెద్దవాడు," అంది భార్య కరుణ.

లోయలోకి దిగారు. రెండు పక్కలా ఎర్రటి బండలు నిలువుగా లేచి ఉన్నాయి. అందరూ ఫోటోల మీద పడ్డారు. ఫోన్లలో సిగ్నల్ మాత్రం లేదు.

"ఈ గుహ ఎన్నేళ్లది?" అడిగాడు మహిధర్.

"నేను పుట్టకముందుదే సారూ."

ఇక గైడును ప్రశ్నలడగడం మానేశాడు. కానీ గుహ ముందుకు రాగానే ఓపిక నశించింది.

"ఇక్కడన్నా ముందు నడువు. చీకట్లో మేం తడుముకోవాలా?"

ముసలాయన తటపటాయించాడు. ఓసారి పిల్ల వైపు చూసి, మాట కాదనలేక ముందుకు నడిచాడు.

వంకరటింకర గుహ. ఫోన్ల వెలుతురులో ఒకరి వెనక ఒకరు నడిచి అవతలి వాకిట్లోంచి ఎండలోకి వచ్చారు.

ముసలాయన వెనక్కి తిరిగి మొహాలు చూశాడంతే.

"చిన్నబిడ్డ ఏది?"

తల్లి దగ్గరుందనుకున్నాడు మహిధర్. తండ్రి దగ్గరుందనుకుంది కరుణ.

"రుచితా!"

మహిధర్ అరుపు గుహంతా మారుమోగింది. మళ్లీ అరవబోతుంటే ముసలాయన అతని నోరు మూశాడు.

"కేకెయ్యకు సారూ. లోపల కేక నాలుగు దిక్కుల మోగుతది. మీరు ఏ దిక్కున్నరో తెల్వక బిడ్డ ఇంకింత లోపలికి పోతది. ఎవలు కదలకుండ్రి."

ఒక్కడే లోపలికి పోయాడు.

కాసేపటికి కర్రతో బండను కొడుతున్న చప్పుడు వినిపించింది. టక్. ఆగి, మళ్లీ టక్. తొందర లేదు, బెదురు లేదు. కరుణ అనంతగిరి పద్మనాభస్వామికి మొక్కుల మీద మొక్కులు మొక్కుతోంది. మహిధర్‌కు మొక్కడానికి కూడా మొహం లేదు. వెనక నడుస్తున్న మనిషిని ముందుకు తోసింది తనే.

చప్పుడు ఆగిపోయింది. కరుణ అతని చెయ్యి గట్టిగా పట్టుకుంది.

గొంగడిలో చుట్టిన రుచితను ఎత్తుకుని ముసలాయన బయటికి వచ్చాడు.

"పక్క సందుల నిలవడ్డది సారూ. ఒక్కడుగు అవతల బాయంత గుంత. మంచి బిడ్డ, చప్పుడు దిక్కే చూస్కుంట కదలకుంట నిలవడ్డది."

మహిధర్ పిల్లను గుండెకు అదుముకుని భోరున ఏడ్చాడు. ముసలాయన చేతులు పట్టుకుని, "మీ మేలు ఈ జన్మకు మరిచిపోను," అన్నాడు. 'నువ్వు' ఎప్పుడు 'మీరు' అయిందో అతనికే తెలియలేదు.

తిరుగు దారిలో ముసలాయన వెనకే నడిచాడు. ఈసారి ముందుకు రమ్మని ఎవరూ పిలవలేదు.

రోడ్డు మీదికి రాగానే మహిధర్ పర్సు తీశాడు.

"అయ్యో, గదేంది సారూ! బిడ్డకు జర నీళ్లు తాగిపియ్యుండ్రి," అని ముసలాయన గబగబా అడవిలోకి పోయాడు.

ఎంత మంచి గైడు! పని అంటే ఇదీ. కంపెనీకి నాలుగు మంచి మాటలు రాయాలని మహిధర్ ఫోన్ తీశాడు. అంతలో అదే మోగింది.

"సార్, నేను గైడ్ గణేశ్‌ని. పొద్దుగాలకెల్లి అనంతగిరి గుడి కమాన్ కాడ నిలవడ్డ. మస్తు సార్లు ఫోన్ కొట్టిన, కలుస్తలేదు. మీరేడున్నరు?"

మహిధర్ టీకొట్టు దగ్గరికి పరుగెత్తాడు. కొట్టు నడిపే సత్యమ్మ గ్లాసులు కడుగుతోంది.

"అమ్మా, ఇందాక మాతో వచ్చినాయన గైడు కాదా?"

"గైడేంది సారూ? బిచ్చయ్య గదా, మేకలు కాస్తడు. పొద్దుగాల నువ్వు కార్లకెల్లి గీడ్నేనా అని అడిగితివి, గాయన గీడ్నే అనె. గీడ్నే అంటే గీ ఊర్లనే అని, మాది గీ ఊరే మరి!"

మహిధర్ అడవి వైపు చూశాడు. అక్కడ ఎవరూ లేరు. కళ్లలో మళ్లీ నీళ్లు తిరిగాయి.

"మరి ఇంతసేపు ఆ మేకల్ని ఎవరు చూశారమ్మా?"

"ఎవలు చూస్తరు? చెదిరిపాయె, గిప్పుడు ఎతకనీకె ఉరికిండు. మందనిడిసి గీ పట్నమోళ్లెంట ఏడికి పోతవయ్యా అని నేను మొత్తుకున్న సారూ, 'మేకలకు తోవ ఎరుకనే సత్తెమ్మా, గీళ్లకే ఎరుకలేదు' అనుకుంట మీ ఎనక వడ్డడు."