సరంగు గారి భోజనం

ఒడ్డున పచ్చికంతా ఎండిపోయిందని మేకపోతు, గాడిద, పొడల కోడి కలిసి అవతలి దీవికి బయల్దేరాయి. ఆరు అరటి బోదెలు కట్టి తెప్ప చేసుకున్నాయి. గడ్డం ఉంది కదా అని మేకపోతును తెప్ప నడిపించే సరంగును చేశాయి. అది దర్జాగా వెనక కూర్చుంది. గాడిద తెడ్డు వేస్తోంది. కోడి ముందు కూర్చుని దారి చూస్తోంది.

కాసేపటికి కోడి కాళ్ళు తడిశాయి.

"సరంగు గారూ, నీళ్ళు పైకొస్తున్నాయండీ," అంది.

"సముద్రమన్నాక పెరుగుతుంది, తరుగుతుంది. నువ్వు ముందుకు చూడు," అంది మేకపోతు, బుగ్గన ఏదో పెట్టుకుని.

కోడి బుద్ధిగా ముందుకే చూసింది. నీళ్ళు పొట్టకు తగిలాక మాత్రం ఉండబట్టలేక వెనక్కి తిరిగింది. ఆరు బోదెల్లో రెండే మిగిలాయి. అందులో ఒకదాన్ని మేకపోతు అరమోడ్పు కన్నులతో తాపీగా నములుతోంది.

కోడి గాడిదను ముక్కుతో పొడిచి, అటు చూపించింది.

తన బరువుకు పీకల్లోతు నీళ్ళలో దిగిపోయిన గాడిద తెడ్డు ఆపకుండానే కసిరింది.

"తినేవాళ్ళ నోటికేసి అలా చూడకు పిన్నీ, దిష్టి తగులుతుంది."