రేడియో మణికట్టు

స్టూలెక్కి ఫ్యాను దులపబోయి కటింగ్ షాపు యజమాని కింద పడ్డాడు.

అరచేయి నేలకు ఆనించి మరీ పడ్డాడు. కుడి చేయి. కత్తెర పట్టే చేయి.

ఆస్పత్రిలో ఎక్స్‌రే తీశారు. ఎముకకేమీ కాలేదు, బెణికిందంతే అన్నారు. పట్టీ చుట్టుకుని వచ్చి, షాపులో కూర్చున్న ప్రతి తలకాయకీ ఆ కథ చెప్పాడు.

వీధిలో ఆయన్ని ‘రేడియో’ అనేది ఊరికే కాదు మరి. అక్కడ గడ్డం గీయించుకోవడానికి పావుగంట, కబుర్లు వినడానికి అరగంట పడుతుంది. కుర్చీలో ఉన్నవాడు మధ్యలో నోరు విప్పబోయాడా, అయిపోయాడే! బ్రష్షు తీసి మూతి నిండా నురగ పూసేస్తాడు. ఇక మాట్లాడితే సబ్బు మింగాల్సిందే.

మూడో వారంలో ఒక కొత్తాయన వచ్చాడు. కళ్ళద్దాలు, నిదానం మనిషి. తల నున్నగా ఉంది. ఒక్క జుట్టు పాయని మాత్రం ఎడమ చెవి దగ్గర మొదలుపెట్టి కుడి చెవి దాకా జాగ్రత్తగా అతికించుకున్నాడు.

“కటింగా సార్?” అన్నాడు రేడియో నవ్వు ఆపుకుంటూ.

“గడ్డం. చెయ్యెలా ఉంది మీకు?”

“బెణికింది సార్. అదే తగ్గుతుంది.”

“బొటనవేలు పైకెత్తండి. దాని మొదట్లో గుంట పడింది చూశారా? అక్కడ నొక్కండి.”

రేడియో నొక్కాడు. ప్రాణం జివ్వుమంది.

“అబ్బే, ఏం లేదు సార్” అన్నాడు కన్నీళ్ళు దిగమింగుతూ.

“అది బెణుకు కాదండీ. అసలు నేనెవరినంటే...”

బ్రష్షు పడింది. మిగతా మాట నురగలో కలిసిపోయింది.

వారం తిరగకుండానే మళ్ళీ వచ్చాడు. గడ్డం సరిగ్గా మొలవనైనా లేదు.

“మళ్ళీ ఎక్స్‌రే తీయించారా?”

“మీకెందుకు సార్ అంత ఆత్రం?”

“ఆ చిన్న ఎముక పగులు మొదట్లో ఒక్కోసారి సరిగ్గా కనబడదు. నేను వచ్చిందెందుకంటే...”

మళ్ళీ బ్రష్షు. ఈసారి ముక్కుదాకా పూశాడు.

“పాపం, ఆయన చెప్పేదేదో వినకూడదూ?” అంది మధ్యాహ్నం క్యారియర్ తెచ్చిన భార్య.

“నీకు తెలీదు, ఊరుకో. కమీషన్ కోసం ఆస్పత్రికి మనుషుల్ని పట్టిచ్చే రకం. లేకపోతే బోడితలవాడికి కటింగ్ షాపుతో పనేంటే?”

అన్నాడు గానీ లోపల గుబులుగానే ఉంది. చొక్కా గుండీలు భార్యే పెడుతోంది. కత్తెర మూయడం వస్తోంది, తెరవడం రావడం లేదు. ఈ చేయి పోతే షాపుకి తాళమే. వేరే విద్య రాదు. వీధి వీధంతటికీ అన్నీ చెప్పే రేడియో ఈ ఒక్కటీ ఎవరికీ చెప్పలేదు.

మూడోసారి ఆయన గడ్డం గీయించుకుని లేవబోయి ఆగాడు.

“ఈ పాయ చివర కాస్త సవరించండి.”

రేడియో కత్తెర తీశాడు. మణికట్టులో కలుక్కుమంది. చేయి పక్కకి తిరిగిపోయింది.

పాయ మొదలంటా తెగి నేల మీద పడింది.

షాపు పెట్టాక మొదటిసారి రేడియో నోట మాట లేదు.

ఆయన అద్దంలోకి చూసుకున్నాడు. కళ్ళద్దాలు తుడుచుకుని ఇంకోసారి చూసుకున్నాడు.

“పోతే పోయిందిలెండి. ముప్పై ఏళ్ళు దానికి చాకిరీ చేశాను” అన్నాడు. “ఇదే చెయ్యి, కత్తి నా గొంతు మీద ఉన్నప్పుడు జారుంటే? రేపే ఆస్పత్రికి రండి. మీకు నేను చెప్పాల్సిందేమిటంటే...”

“సార్, క్షమించండి సార్! నా చేయి విరిగిపోనూ...”

“విరిగిందనే కదయ్యా మొత్తుకుంటున్నాను!”

రేడియో వింటేగా! ఏడుస్తూ, దండాలు పెడుతూ, వాగుతూనే ఉన్నాడు. ఆయన కాసేపు చూసి, చెప్పాల్సింది చెప్పకుండానే వెళ్ళిపోయాడు.

మర్నాడు ఆస్పత్రి గుమ్మంలోనే నర్సు ఎదురొచ్చింది. “కటింగ్ షాపాయన మీరేనా? రండి, మీకోసమే చూస్తున్నాం.”

“చూశావా, మన పేరు ఎక్కడిదాకా పాకిందో!” అన్నాడు భార్యతో.

స్కానింగులో పగులు తేలింది. వారంలో ఆపరేషన్. చేతి వరకే మత్తిచ్చారు, నోటికివ్వలేదు. తెర ఇవతల రేడియో రెండు గంటలూ మోగుతూనే ఉన్నాడు.

మర్నాడు ఆపరేషన్ చేసిన డాక్టరు మంచం దగ్గరికొచ్చాడు.

“జీడిపప్పంత ఎముకండీ. అసలే దానికి రక్తం అందడం తక్కువ. రెండు ముక్కలైతే ఓ ముక్క ఎండిపోతుంది. పక్క ఎముకలోంచి కాస్త తీసి నింపి, లోపల సన్నని స్క్రూ బిగించాం. ఇంకో రెండు నెలలు ఆగుంటే మీరు కత్తెర మర్చిపోవాల్సిందే.”

రేడియో భార్య కళ్ళొత్తుకుంది.

“ఒక బట్టతలాయన పట్టుబట్టి పంపాడు సార్” అన్నాడు రేడియో. “పాపిష్టివాణ్ణి, ఆయన్ని నానా మాటలూ అనుకున్నాను. ఎక్కడుంటాడో తెలిస్తే కాళ్ళ మీద పడతాను.”

“ఆయనా? నిన్న ఇక్కడ రిటైరయ్యారు. ఈ ఉదయమే ఊరు వదిలి వెళ్ళిపోయారు.”

“ఇక్కడా? ఇక్కడేం చేసేవారు?”

డాక్టరు తలుపు దగ్గరగా వేసి వచ్చాడు.

“ఎక్స్‌రేలు చూసి రిపోర్టు రాసే పెద్ద డాక్టరండీ. మొదటి రోజు మీ ఎముకకేమీ కాలేదని రాసింది ఆయనే. తర్వాత ఆ ఎక్స్‌రే మళ్ళీ చూస్తే సన్నని గీత కనబడిందట. ఆ తప్పు మీ ముందు తన నోటితో ఒప్పుకోవాలనే మూడుసార్లు మీ దగ్గర గడ్డం గీయించుకున్నారు.”