వెనకగది

"అత్తయ్యా, నర్సమ్మ వచ్చింది. గడియ తియ్యండి."

"ఎందుకూ? కిటికీలోంచి కాలు చూపించు. చూస్తుందిలే."

కోడలు తలుపుకి నుదురు ఆనించి నిలబడిపోయింది. ముప్పై ఆరు రోజులుగా ఆ తలుపు రోజుకి మూడుసార్లే తెరుచుకుంటోంది, అదీ చెయ్యి పట్టేంత. కంచం లోపలికి, కుట్టిన దిండు గలీబులు బయటికి. స్నానాలగది లోపలే ఉంది కాబట్టి ఆ వంకతో బయటికి వచ్చే వీలూ లేదు. ఆ ఇంటికి గలీబులు కుట్టడమే జీవనాధారం. అందుకని అత్తగారు కోడలితో పాటు కుట్టుమిషన్ని కూడా లోపలికి తోయించింది. కోడలి బోదకాలు మనుషులకి అంటుకుంటుంది గానీ గలీబులకి అంటదని ఆవిడకి ఎవరు చెప్పారో మరి.

మొదట నెలకోసారి చలిజ్వరం వచ్చేది. గజ్జల్లో బిళ్ళ కట్టేది. తొడ మీంచి ఎర్రగా ఒక చార కిందికి దిగేది. మూడు రోజులకి జ్వరం పోయేది గానీ, పోతూ పోతూ కాలికి కాస్త వాపు వదిలిపెట్టి పోయేది. ఇప్పుడు ఎడమ పాదం ఏ చెప్పులోనూ పట్టడం లేదు. చీలమండ ఎముక ఎక్కడుందో వెతుక్కోవాలి. వేలితో నొక్కితే పడ్డ గుంట చాలాసేపు అలాగే ఉంటోంది. దాన్నయినా ఓర్చుకోవచ్చు. మూడేళ్ల కూతురు తలుపు అవతల "అమ్మా" అని ఏడుస్తుంటే, ఇవతల కూర్చుని ఒంటికాలితో మిషన్ తొక్కడం మాత్రం ఆమె వల్ల కావడం లేదు.

"నువ్వయినా చెప్పు బాబూ," అంది నర్సమ్మ, అత్తగారి కొడుకుతో.

కొడుకు గోడమీద పిల్లి. "అమ్మని కాదంటే ఇల్లు పీకి పందిరేస్తుందండీ," అని గొణిగాడు.

"అయితే గడియ నేనే తీస్తా." నర్సమ్మ పీలగా ఉంటుంది గానీ అన్నంత పనీ చేసింది.

కోడలు వెలుతురుకి కళ్ళు చికిలించుకుంటూ ముందుగదిలోకి వచ్చింది. పాపని ఇంట్లో పిడుగు అంటారు. ఆ పిడుగు అమ్మ మీదికి దూకబోయింది. నాయనమ్మ చటుక్కున చంకనేసుకుంది.

"అందరూ వేళ్ళివ్వండి. తలా ఒక చుక్క రక్తం," అంది నర్సమ్మ, బట్ట కత్తిరించే బల్ల మీద నాలుగు అట్టముక్కలు పరుస్తూ.

"మాకెందుకమ్మా? మా కాళ్ళు చూడు, కడిగిన ముత్యాల్లా ఉన్నాయి."

"దోమ కాళ్ళు చూసి కుడుతుందా పెద్దమ్మా? ఇవ్వండి వేలు."

నాలుగు వేళ్ళు గుచ్చింది. పిడుగు ఏడుపు వీధంతా వినపడి ఉంటుంది.

"పది నిమిషాలు ఆగాలి. ఒక గీత వస్తే ఒంట్లో బోదకాలు పురుగు లేనట్టు. రెండొస్తే ఉన్నట్టు."

అత్తగారు అక్కడికక్కడే తీర్పు చెప్పేసింది. "రెండొస్తే ఈ పిల్ల ఆర్నెల్లు గది దాటదు. నా మనవరాలికి ముప్పు తెచ్చేవాళ్ళు ఎవరైనా సరే, నేను ఊరుకోను."

"ఒకటే వస్తే?" అంది కోడలు. ముప్పై ఆరు రోజుల్లో ఆమె అత్తగారికి ఎదురు ప్రశ్న వెయ్యడం అదే మొదటిసారి.

అత్తగారు పిల్లని రెండో చంకకి మార్చుకుంది.

కోడలు గోడ పట్టుకుని నిలబడింది. వెనకగది తలుపు బార్లా తెరిచి ఉంది. లోపల మిషన్ మీద సగం కుట్టిన గలీబు వేలాడుతోంది. ఆర్నెల్లంటే నూట ఎనభై రోజులు. పిడుగు ఈలోపు అమ్మని మర్చిపోతుంది.

నర్సమ్మ మొదటి అట్ట ఎత్తింది. "కోడలమ్మది. ఒకటే గీత."

"నీ అట్ట చెడిపోయుంటుంది! ఆ కాలు చూడు, దిండులా ఉంది!"

"కాలు వాచింది నిజమే. ఎప్పుడో పట్టిన పురుగులు అవి. అవి చచ్చినా, అవి చేసిన పాడు మిగిలిపోయింది. రోజూ శుభ్రంగా కడుక్కుని, తుడుచుకుని, కాలు ఎత్తులో పెట్టుకోవాలి. ఈ అమ్మాయి వల్ల ఎవరికీ ఏమీ రాదు."

కోడలికి ఏడుపూ నవ్వూ ఒకేసారి వచ్చాయి.

"అబ్బాయిది ఒకటి. పాపది ఒకటి." నర్సమ్మ నాలుగో అట్ట దగ్గర ఆగింది. "పెద్దమ్మా, మీకెప్పుడైనా జ్వరం గానీ..."

"నాకా? నేను తుమ్మి పదేళ్లయింది!"

"మీకు రెండు గీతలు వచ్చాయి."

"మళ్ళీ గుచ్చు."

మళ్ళీ గుచ్చింది. ఈసారి పది నిమిషాలూ అత్తగారు అట్ట మీంచి కళ్ళు తిప్పలేదు. మళ్ళీ రెండే వచ్చాయి.

"పైకి ఏమీ కనపడదు, రక్తంలో ఉంటుంది. కంగారు పడకండి, మాత్రలున్నాయి. ముట్టుకుంటే అంటేది కాదు. మిమ్మల్ని కుట్టిన దోమ కొన్నాళ్ళకి ఇంకొకళ్ళని కుడితే వాళ్ళకి రావచ్చు, అంతే."

"పక్కలో పడుకున్నవాళ్ళనైనా కుడుతుందా?"

"ఎవరినైనా కుడుతుంది."

అత్తగారు తన చంకలో పిల్ల వైపు చూసింది. ఈ ముప్పై ఆరు రాత్రులూ పిడుగు పడుకున్నది నాయనమ్మ పక్కలోనే.

కోడలి కడుపులో ముప్పై ఆరు రోజుల మాటలున్నాయి. ఒక్కొక్కటీ గుచ్చాల్సిన చోటు కూడా ఎంచి పెట్టుకుంది. మొదటిది నోటిదాకా వచ్చింది కూడా.

అంతలో అత్తగారు మెడ చుట్టూ ఉన్న పిల్ల చేతులు విడదీసి, పిడుగుని తెచ్చి ఆమె చేతుల్లో పెట్టింది. నర్సమ్మ వద్దంటున్నా వినిపించుకోకుండా వెనకగదిలోకి వెళ్ళి, లోపలి నుంచి తలుపు దగ్గరికి లాక్కుంది.

"గడియ పెట్టవే అమ్మాయ్. నేనెంత బతిమాలినా తియ్యకు."