కుళాయి ఎవరి వాటా?

కళ్ళద్దాల షాపాయన తిన్నగా బ్యాంకు మేనేజరు గదిలోకి వెళ్ళి, సంచిలోంచి విరిగిన కుళాయి తీసి, ఆవిడ టేబులు మీద ఠపీమని పెట్టాడు.

“తీసుకోండి మేడం. ఇది మీదే.”

మేనేజరమ్మ టీ కప్పు పక్కకు జరిపింది. “ఏమిటండీ మాది?”

“ఈ కుళాయి. వారం నుంచి కారుతోంది. ఇవాళ పొద్దున చేతిలోకే ఊడొచ్చింది. బాగుచేయించండి.”

“మీ ఇంట్లో కుళాయి ఊడితే బ్యాంకు బాగుచేయించడమేమిటి?”

“అది మీ వాటాలో ఉంది కాబట్టి.”

ఆయన జేబులోంచి మడత కాగితం తీశాడు. కంటి పరీక్షల చీటీ. దాని వెనక ఆయన భార్య వేసిన లెక్కలున్నాయి. వచ్చినవాళ్ళందరి చేతా గోడ మీది చీమల్లాంటి అక్షరాలు చదివించే ఆ మనిషి, ఐదేళ్ళలో ఒక్కసారైనా తన లోను కాగితం చదవలేదు. మొన్న ఆదివారం ఆవిడ చదివింది. అంతే, అప్పటినుంచి ఇల్లు ఇల్లులా లేదు.

“ముప్పై లక్షల లోను మేడం. తొమ్మిది శాతం వడ్డీ, ఇరవై ఏళ్ళ గడువు. నెలకు ఇరవై ఏడు వేలు. ఐదేళ్ళలో ఒక్క వాయిదా తప్పలేదు. పదహారు లక్షలు దాటింది కట్టింది. ఇందులో అసలు ఎంత తీరిందో మీరే చెప్పండి.”

మేనేజరమ్మ కాలిక్యులేటరు నొక్కింది. చెప్పేటప్పుడు గొంతు కాస్త తగ్గించింది. “మూడు లక్షల నలభై వేలు.”

“విన్నారా!” ఆయన గుమ్మం వైపు తిరిగాడు. తలుపు తీసే ఉంది. బయట వరసలో ఉన్నవాళ్ళంతా ఎప్పుడో చెవులు ఇటు పెట్టేశారు. “మా ఇల్లు తొమ్మిది వందల చదరపు అడుగులు. అందులో నావి నూట రెండు. అంటే వంటగదీ, దాని ముందు చెప్పులు విప్పుకునే జాగానూ. బాత్రూము మొత్తం మీది. కుళాయీ మీదే.”

“ఇంటిని అలా గదులుగా పంచుకోరండీ. ఇల్లు మీదే. మా దగ్గర తాకట్టులో ఉంటుందంతే.”

“ఆ మాట మా అత్తగారికి చెప్పండి. బ్యాంకు వాళ్ళ హాలు నేనెందుకు ఊడవాలని చీపురు అవతల పారేసింది. నేను సోఫాలో నడుం వాలిస్తే, ‘అల్లుడుగారూ, పరాయివాళ్ళ చోట కాళ్ళు చాపుకోకండి’ అంటోంది. నాలుగు రోజులుగా వంటగదిలో పడుకుంటున్నాను మేడం! గ్యాస్ బండ పక్కన!”

వరసలోంచి ఒక పెద్దాయన తల లోపలికి పెట్టాడు. “అమ్మా, మా బాల్కనీ రెయిలింగు కూడా ఊగుతోంది. అది కూడా రాసుకోండి.”

“మా గోడలకి చెమ్మ,” అంది వెనక నుంచి ఇంకొకావిడ.

మేనేజరమ్మ గబగబా లేచి తలుపు వేసింది. మళ్ళీ వచ్చి కూర్చుని, తెల్లకాగితం తీసింది.

“చూడండి. మొదటి నెల మీరు బాకీ ఉన్నది ముప్పై లక్షలు. దాని మీద ఒక్క నెల వడ్డీయే ఇరవై రెండున్నర వేలు. మీరు కట్టిన ఇరవై ఏడు వేలలో ముందు అది పోతుంది. మిగిలిన నాలుగున్నర వేలే అసలులోకి వెళ్తుంది. అసలు తగ్గేకొద్దీ వడ్డీ తగ్గుతుంది. కానీ మొదట్లో నత్తనడకే.”

“ఇరవై ఏళ్ళూ ఇలాగే కడితే మొత్తం ఎంతవుతుంది?”

“దాదాపు అరవై ఐదు లక్షలు.”

ఆయన కళ్ళద్దాలు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. “అంటే నేనో ఇల్లు కొనుక్కుని, మీకూ ఓ ఇల్లు కొనిపెట్టి, పైన గృహప్రవేశం ఖర్చులు కూడా ఇస్తున్నానన్నమాట.”

మేనేజరమ్మ కాలిక్యులేటరు పక్కకు నెట్టింది.

“లోను తీసుకున్న రోజు నెలకెంత అని అడిగాను మేడం. కట్టగలను అనుకున్నాను. మొత్తం ఎంత అని అడగాలని తట్టనే లేదు.” ఇందాకటి జోరంతా పోయింది ఆ గొంతులో.

ఆవిడకి మనసు కరిగింది. కుర్చీ ముందుకు జరుపుకుంది.

“ఇప్పటికీ మించిపోయింది లేదు. నెలకు మూడు వేలు ఎక్కువ కట్టండి. ఆ డబ్బు నేరుగా అసలులోకి పోతుంది. ఇంకా పదిహేనేళ్ళు కట్టాల్సింది పన్నెండేళ్ళ చిల్లరకే తీరిపోతుంది. నాలుగున్నర లక్షలు మిగుల్తాయి మీకు. అసలులోకే జమ చేయాలని కాగితం మీద రాసి మరీ ఇవ్వండి. లేకపోతే రాబోయే నెలల వాయిదాలకి సర్దేస్తారు.”

ఆయన ప్రతి మాటా చీటీ మీద రాసుకున్నాడు. అర్థం కాని చోట ఆపి, మళ్ళీ చెప్పించుకున్నాడు.

మేనేజరమ్మ హ్యాండ్‌బ్యాగు తెరిచి ఓ నోటు తీసింది. “ఇది నా సొంత డబ్బు. బ్యాంకుకీ దీనికీ ఏ సంబంధమూ లేదు. కొత్త కుళాయి వేయించుకోండి. బయటివాళ్ళకి మాత్రం చెప్పకండి, మీకు పుణ్యముంటుంది.”

“ఎంత మంచివారండీ మీరు!”

“సరే, మీ లోను ఖాతా నంబరు చెప్పండి. ఈ మూడు వేల సంగతి ఇప్పుడే ఎక్కించేద్దాం.”

ఆయన చెప్పాడు. ఆవిడ కంప్యూటరులో కొట్టింది. మళ్ళీ కొట్టింది. కళ్ళు చిట్లించి మూడోసారి కొట్టింది.

“ఈ నంబరు మా బ్యాంకుది కాదే!”

“కాదండీ,” అన్నాడాయన కుళాయిని సంచిలో సర్దుకుంటూ. “నా లోను ఎదురు బ్యాంకులో ఉంది. ఆ మేనేజరంటే నాకు చచ్చేంత భయం, ఎదురుగా నిలబడితే నోరు పెగలదు. అందుకని ముందు ఇక్కడ ఒకసారి అని చూసుకుందామని వచ్చాను. బాగానే మాట్లాడానా మేడం?”